మనిషి ముక్కలైన రోజులు, కారు ముక్కలైన రోజులు: మూకీ హాస్యంలో మోటారు బండి

1900లో ఇంగ్లండులో తీసిన ఒక పొట్టి హాస్య చిత్రంలో కారు పేలిపోతుంది. అందులో కూర్చున్న మనుషుల కాళ్లూ చేతులూ విడివిడిగా ఆకాశం నుంచి రాలిపడతాయి. 1928లో అమెరికాలో తీసిన మరో హాస్య చిత్రంలో రోడ్డు పొడవునా కార్లు విరిగి, ఊడి, నుజ్జునుజ్జవుతాయి గాని ఒక్క మనిషికీ చెప్పుకోదగిన దెబ్బ తగలదు. రెండూ జనాన్ని కడుపుబ్బ నవ్వించడానికి తీసినవే. ఈ ఇరవై ఎనిమిదేళ్లలో హాస్యం బరువు మనిషి ఒంటి మీది నుంచి యంత్రం ఒంటి మీదికి మారిపోయింది. ఆ మార్పు ఎలా వచ్చిందో, ఎందుకు వచ్చిందో విడమరచి చూడవలసిన అవసరం ఉంది.

మూకీల నాటి మోటారు హాస్యం గురించి తరచూ వినిపించే వివరణ ఒకటుంది. కొత్త యంత్రాన్ని చూసి జనం బెదిరారనీ, ఆ బెదురును నవ్వుగా మార్చుకుని తీర్చుకున్నారనీ అంటారు. ఆ మాటలో నిజం లేకపోలేదు. అయితే భయం ఒక్కటే కారణమైతే, రోడ్ల మీద ప్రమాదాలు పెరిగేకొద్దీ తెర మీద మనుషులు చక్రాల కింద పడే దృశ్యాలు కూడా పెరగాలి కదా. జరిగింది దానికి సరిగ్గా తలకిందులు. కార్లు వేళ్ల మీద లెక్కపెట్టేటన్ని ఉన్న రోజుల్లో దర్శకులు మనుషులను నిర్భయంగా తొక్కించారు. కార్లు లక్షలకు చేరాక ఆ పని దాదాపు మానేశారు. ఈ చిక్కు విడిపోవాలంటే ప్రతి చిత్రం దగ్గర రెండు ప్రశ్నలు వేసుకోవాలి. ఆ కారు ఎవరిది? కెమెరా ఎక్కడ నిలబడి చూస్తోంది?

ముందుగా ఇంగ్లండు సంగతి. అక్కడ 1865 నాటి చట్టం ప్రకారం, గుర్రం లేకుండా యంత్రంతో నడిచే బండి ఊరి బయట గంటకు 4 మైళ్లకు, ఊళ్లో 2 మైళ్లకు మించి పోకూడదు. దాని ముందు ఎర్రజెండా పట్టుకుని ఒక మనిషి నడవాలి. జెండా నియమం 1878లోనే సడలింది గాని, నడకను మించిన వేగానికి అనుమతి 1896లోనే వచ్చింది. కొత్త చట్టం గంటకు 14 మైళ్ల వరకు ఒప్పుకుంది. స్థానిక పాలనా శాఖ దాన్ని 12కు తగ్గించింది. ఆ చట్టం అమలైన నవంబరు 14న మోటారు యజమానులు లండన్ నుంచి బ్రైటన్ దాకా ఊరేగింపుగా బండ్లు నడిపి పండగ చేసుకున్నారు. అదే ఏడాది ఫిబ్రవరిలో, సినిమాకు ఆద్యులైన ఫ్రాన్సు లూమియేర్ సోదరుల చిత్రాలు లండన్‌లో మొదటిసారి ప్రదర్శితమయ్యాయి. అంటే బ్రిటిష్ పౌరుడికి కదిలే బొమ్మ, గుర్రం లేని బండి ఒకే సంవత్సరంలో ఎదురయ్యాయి. అదే ఏడాది ఆగస్టు 17న లండన్ క్రిస్టల్ ప్యాలెస్ ఆవరణలో ఒక గృహిణి కారు కింద పడి మరణించింది. ఆ దేశంలో కారు గుద్ది పాదచారి చనిపోవడం అదే మొదటిసారి. కారు, సినిమా, కారు చావు మూడూ కలిసి మొదలైన ఈ సంవత్సరాన్ని గుర్తుంచుకుంటే తర్వాత వచ్చిన చిత్రాల తీరు తేలిగ్గా బోధపడుతుంది.

సెసిల్ హెప్‌వర్త్ అనే దర్శకుడు లండన్‌కు దగ్గరలోని వాల్టన్‌లో చిన్న స్టూడియో పెట్టుకుని చిత్రాలు తీసేవాడు. 1900లో ఆయన తీసిన 'హౌ ఇట్ ఫీల్స్ టు బి రన్ ఓవర్' నిడివి నిమిషం కూడా ఉండదు. ఒక పల్లె దారి. కెమెరా ఆ దారిలోనే నిలబడి ఉంటుంది. దూరం నుంచి ఒక గుర్రబ్బండి వచ్చి, కెమెరాను తప్పించుకుని పక్కనుంచి వెళ్లిపోతుంది. అది లేపిన దుమ్ము సర్దుకుంటుండగా వెనక నుంచి ఒక కారు కనిపిస్తుంది. అందులోని వాళ్లు తప్పుకోమని చేతులు ఊపుతూనే ఉంటారు, బండి మాత్రం నేరుగా మన మీదికే వస్తుంది. తెర అంతా కారు నిండిపోయిన మరుక్షణం చీకటి. ఆ నల్లటి తెర మీద చేత్తో గీకిన ప్రశ్నార్థకాలు, ఆశ్చర్యార్థకాలు మెరుస్తాయి; ఆ తర్వాత 'ఓ! అమ్మ ఎంత సంతోషిస్తుందో' అనే అర్థమిచ్చే ఇంగ్లీషు మాటలు ఒక్కొక్కటే, చదివేలోపే మాయమయ్యేంత వేగంగా వచ్చిపోతాయి.

ఈ చిత్రంలో గుర్రబ్బండిని ముందు పంపడం హెప్‌వర్త్ చేసిన తెలివైన పని. అది పక్కకు తప్పుకుంది కాబట్టి తర్వాతిదీ తప్పుకుంటుందని చూసేవాడు నమ్ముతాడు. గుర్రానికి కళ్లున్నాయి, ఎదురుగా మనిషి కనిపిస్తే అదే పక్కకు తిరుగుతుంది. కారుకు ఆ వివేకం లేదు. ఈ తేడాను ఒక్క మాట వాడకుండా నలభై సెకన్లలో చెప్పిన చిత్రం ఇది. పైగా కెమెరా ఉన్న చోటు చూడండి. అది కారులో లేదు, పక్క ఇంటి అరుగు మీద లేదు, చక్రాల దారిలో ఉంది. టికెట్టు కొన్న ప్రేక్షకుడు పాదచారి. కారు ఎవరో పరాయివాడిది. అప్పటి ప్రదర్శనలు ఎక్కువగా జాతర మైదానాల్లో, సంగీత వినోద శాలల్లో జరిగేవి. అక్కడికి వచ్చే జనంలో కారు కొనగలిగినవాడు ఎవడూ ఉండడు గనుక, కెమెరాను రోడ్డు మీద నిలబెట్టడమంటే ప్రేక్షకుణ్ణి అతను నిజంగా ఉండే చోటే నిలబెట్టడం.

అదే ఏడాది హెప్‌వర్త్ తీసిన 'ఎక్స్‌ప్లోజన్ ఆఫ్ ఎ మోటార్ కార్' మొదట్లో చెప్పుకున్న పేలుడు చిత్రం. కులాసాగా వస్తున్న కారు ఉన్నట్టుండి పొగగా మారిపోతుంది. ఒక పోలీసు పరుగున వచ్చి ఆకాశం వైపు చూస్తాడు. కాసేపు ఏమీ జరగదు. తర్వాత కాళ్లూ చేతులూ మొండేలూ ఒక్కొక్కటిగా పడటం మొదలవుతుంది. ఏ భాగం ఎవరిదో అతను శ్రద్ధగా వేరు చేస్తాడు. ఈ చిత్రం క్రూరంగా అనిపించకపోవడానికి ఆ విరామమే కారణం. వస్తువు పైకి పోతే కిందికి రావాలన్న లెక్క పోలీసుకు తెలుసు, మనకూ తెలుసు, అందుకే ఇద్దరం కలిసి ఎదురుచూస్తాం.

దీని వెనకనున్న పనితనం సులువైనదే. కెమెరాను కదల్చకుండా ఆపి, నిజం కారును, మనుషులను తప్పించి, పొగను, బొమ్మ అవయవాలను పెట్టి మళ్లీ తిప్పడం, తర్వాత ఫిల్మును ఆ చోట శుభ్రంగా కత్తిరించి అతికించడం. ఇంద్రజాలికులు వేదిక మీద మనిషిని మాయం చేసే కనికట్టుకు ఇది సినిమా రూపం. ఆ రోజుల్లో కారు ప్రమాదం కథగా ఇంతమందికి నచ్చడానికి ఇదొక పెద్ద కారణమని నా అభిప్రాయం. మనిషిని ముక్కలు చేసి తిరిగి అతికించే ఉపాయం దర్శకుల చేతికి అప్పుడే చిక్కింది. దాన్ని చూపించడానికి ఒక సాకు కావాలి. క్షణంలో మనిషిని మార్చేయగల కొత్త వస్తువు రోడ్డు మీద కనిపించింది. కాబట్టి ఆ తొలి చిత్రాల్లో కొంత కారు గురించిన హాస్యమైతే, కొంత కెమెరా తన సత్తా తాను చాటుకోవడం. ఈ రెంటినీ కలిపేసి అంతా 'యంత్రభీతి' అనడం వల్లనే విషయం చిక్కుపడింది.

పోలీసు పాత్ర గురించి కొంచెం ఆగి చెప్పాలి. 1903 నాటి బ్రిటిష్ మోటారు చట్టం వేగాన్ని గంటకు 20 మైళ్లకు పెంచుతూనే, ప్రతి కారుకూ నంబరు పలక, నడిపేవాడికి లైసెన్సు తప్పనిసరి చేసింది. పోలీసులు పొదల చాటున గడియారాలు పట్టుకుని కూర్చుని, కొలిచిన దూరాన్ని కారు ఎన్ని సెకన్లలో దాటిందో చూసి జరిమానాలు వేసేవారు. ఈ మాటు గురించి మోటారిస్టులను ముందే హెచ్చరించడానికి 1905లో ఆటోమొబైల్ అసోసియేషన్ అనే మోటారిస్టుల సంఘం పుట్టింది. మరుసటి ఏడాది రాబర్ట్ పాల్ నిర్మాణంలో వాల్టర్ బూత్ తీసిన 'ది ? మోటారిస్ట్' ఈ పోరును తీసుకుని ఆకాశానికెత్తింది, అక్షరాలా. ఆపబోయిన పోలీసును తొక్కుకుంటూ పోయిన కారు ఒక భవనం గోడ మీదుగా నిట్టనిలువునా ఎక్కి, మబ్బుల్లోకి వెళ్లి, గ్రహమండలంలో తిరిగి, శనిగ్రహ వలయం మీద రోడ్డు మీద పరిగెత్తినట్టే పరిగెత్తుతుంది. అక్కడినుంచి జారి ఒక న్యాయస్థానం కప్పు చీల్చుకుని లోపల పడుతుంది. పట్టుకోబోయేసరికి కారు కాస్తా పల్లెటూరి గుర్రబ్బండిగా మారి, పోలీసులు నోరెళ్లబెట్టి వదిలేయగానే తిరిగి కారై పారిపోతుంది.

హెప్‌వర్త్ చిత్రాలతో పోలిస్తే ఇందులో సానుభూతి కొంత జరిగింది. తప్పించుకునేది కారువాళ్లు, వెర్రిమొహం వేసేది చట్టం. ప్రేక్షకుడు పేదవాడే అయినా అతనికి పోలీసు మీద ప్రత్యేకమైన ప్రేమేమీ లేదు. ధనికుడూ పోలీసూ ఒకరినొకరు వెంటాడుకుంటుంటే ఎవరు ఓడినా అతనికి ఆనందమే. ఆకాశంలో తిరిగిన కారు దిగివచ్చి కూలిన చోటు న్యాయస్థానం కావడం యాదృచ్ఛికమని నేను అనుకోను; జరిమానా కట్టిన ప్రతి మోటారిస్టూ చివరికి చేరేది అక్కడికే.

ఫ్రాన్సులో ఈ పనే ఇంద్రజాలికుడూ దర్శకుడూ అయిన జార్జ్ మెలియెస్ రంగులద్దిన తెరల మధ్య చేశాడు. 1904లో పారిస్‌లోని ఫోలీ బెర్జేర్ వినోదశాలలో జరిగే రెవ్యూ (ఆటపాటలు, హాస్యం కలిపిన ప్రదర్శన) కోసం ఆయన తీసిన చిత్రంలో ఒక రాజు పారిస్ నుంచి మాంటీ కార్లోకు రెండు గంటల్లో చేరాలనుకుంటాడు. ఆ రాజు బెల్జియం రాజు రెండవ లియోపోల్డ్ అని ప్రేక్షకులందరికీ తెలుసు. ఆయనకున్న కార్ల పిచ్చి, ఆయన చేసిన ప్రమాదాలు పత్రికల్లో నానిన సంగతులే. దారిలో ఒక పోలీసు చక్రాల కింద పడి అట్టముక్కలా చదునైపోతాడు. జనం పంపుతో గాలి కొట్టి అతన్ని మామూలు మనిషిని చేయబోతే, గాలి ఎక్కువై పేలిపోతాడు. టైరుకు జరిగేది మనిషికి జరిగింది, అదే చమత్కారం. ఇక్కడ నవ్వు గురి చాలా స్పష్టం: కారు రాజుది, నలిగేవాడు సామాన్యుడు, చూసేవాడు ఆ రెంటి మధ్య దూరాన్ని ఎరిగినవాడు.

ఈ క్రమం గీత గీసినట్టు సాగిందని చెప్పడానికి వీల్లేదు. 1903లోనే ఆల్ఫ్ కాలిన్స్ ఇంగ్లండులో తీసిన 'మ్యారేజ్ బై మోటార్'లో ప్రేమికులు కారెక్కి లేచిపోతారు, అమ్మాయి తండ్రి మరో కారులో వెంటపడతాడు. పారిపోయే కారులోంచి వెంటాడే కారును, వెంటాడే కారులోంచి పారిపోయే కారును కెమెరా చూపిస్తుంది. అంటే రోడ్డు మీద నిలబడిన కెమెరా మూడేళ్లలోనే బండెక్కింది. తండ్రి కారు దారిలో మొరాయించడంతో జంట గట్టెక్కి పెళ్లి చేసుకుంటుంది. కారు ఎవరినీ చంపకుండా, ఒకసారి పరిగెత్తి, ఇంకోసారి మొండికేసి కథను నడిపిన ఈ పద్ధతే పదేళ్ల తర్వాత అమెరికాలో రాజ్యమేలింది.

అమెరికా వైపు వెళ్లేముందు అంకెలు రెండు చూడాలి. 1900లో ఆ దేశమంతటా ఉన్న కార్లు సుమారు 8 వేలు. 1929 నాటికి అవి 2 కోట్లు దాటాయి. ఈ పెరుగుదలలో పెద్ద వాటా హెన్రీ ఫోర్డ్ తెచ్చిన మోడల్ టీ కారుది. 1908 అక్టోబరులో విడుదలైనప్పుడు దాని ధర 850 డాలర్ల ప్రాంతంలో ఉండేది. 1913లో హైలాండ్ పార్క్ కర్మాగారంలో కదిలే అసెంబ్లీ లైన్ (బండి కదిలిపోతుంటే పనివాళ్లు వరసగా భాగాలు బిగించే పద్ధతి) మొదలయ్యాక ధర తగ్గుతూ వచ్చి, 1925 నాటికి రెండు సీట్ల రకం 260 డాలర్లకు దిగింది. ఉత్పత్తి ఆగిన 1927 దాకా కోటిన్నర కార్లు తయారయ్యాయి. సినిమా హాల్లో కూర్చున్న మేస్త్రీకి, గుమాస్తాకి, రైతుకి ఇప్పుడు ఇంటి ముందు సొంత కారుంది. అది సరిగ్గా నడవకపోవడం కూడా అతనికి సొంత అనుభవమే.

ఈ రెండు దశలకూ మధ్య కీస్టోన్ కంపెనీ ఉంది. 1912లో మాక్ సెనెట్ లాస్ ఏంజెలెస్‌లో నెలకొల్పిన ఈ స్టూడియోకు సెట్లు కట్టే ఓపిక తక్కువ. ఊళ్లో ఎక్కడ పందెం జరిగినా, ఊరేగింపు జరిగినా నటులతో, కెమెరాతో అక్కడ వాలిపోయేది. 1914 జనవరిలో కాలిఫోర్నియాలోని వెనిస్ పట్టణంలో పిల్లలు చిన్న బండ్లు నడిపే పందెం జరిగితే, అక్కడి నిజమైన జనం మధ్యే 'కిడ్ ఆటో రేసెస్ ఎట్ వెనిస్' తీశారు. బిగుతు కోటు, వదులు ప్యాంటు, చిన్న మీసంతో ఉన్న చాప్లిన్ దేశదిమ్మరి ప్రేక్షకులకు మొదటిసారి కనిపించింది ఇందులోనే. పందెం చిత్రీకరిస్తున్న కెమెరాకు అతను పదే పదే అడ్డు వస్తుంటాడు. గెంటేసినా మళ్లీ వస్తాడు. వెనక నుంచి బండ్లు దూసుకుపోతున్నా అతనికి లక్ష్యం లేదు. హెప్‌వర్త్ చిత్రంలో చక్రాల ముందు నిలబడి బెదిరిన మనిషికీ, ఇక్కడ చక్రాలకు వీపు పెట్టి కెమెరాకు ముఖం చూపించాలనుకునే మనిషికీ ఎంత తేడా! పద్నాలుగేళ్లలో కారు వింత వస్తువు కాకుండా పోయింది. కెమెరాలో పడటమే ఇప్పుడు వింత.

అదే ఏడాది వచ్చిన 'మేబెల్ ఎట్ ద వీల్' గురించి కూడా చెప్పాలి. దుండగులు పందెగాణ్ణి ఎత్తుకుపోతే అతని స్థానంలో మేబెల్ నార్మండ్ పందెం కారు నడిపి గెలుస్తుంది. సెనెట్‌తో కలిసి దర్శకత్వం వహించింది కూడా ఆమే. ఆడవాళ్ల చేతికి స్టీరింగిస్తే ప్రమాదమన్న చవకబారు హాస్యం తర్వాతి రోజుల్లో ఎంత పాకిపోయిందో మనకు తెలుసు. మోటారు హాస్యం తొలి దశలోనే ఒక నటి దానికి ఎదురు చిత్రం తీసిందన్న సంగతి ఎంతమంది చెప్పుకున్నా తక్కువే.

కీస్టోన్ చిత్రాల్లో నేడు కనిపించే వేగమంతా దర్శకులు కోరుకున్నదేనన్న అపోహ ఒకటుంది. అప్పటి కెమెరాలను చేత్తో హ్యాండిల్ తిప్పి నడిపేవారు. మామూలుగా సెకనుకు 16 ఫ్రేములు పడేలా తిప్పడం వాడుక. వెంటాడే దృశ్యాల్లో కెమెరామెన్ కావాలనే నెమ్మదిగా, సగం వేగంతో తిప్పేవాడు. ఆ ఫిల్మును మామూలు వేగంతో ప్రదర్శించినప్పుడు కారు రెట్టింపు వేగంతో పోతున్నట్టు, మలుపులో వెంట్రుకవాసిలో తప్పించుకున్నట్టు కనిపిస్తుంది. అయితే తర్వాతి కాలంలో ధ్వని చిత్రాల కోసం స్థిరపడిన 24 ఫ్రేముల వేగంతో పాత మూకీలన్నిటినీ తిప్పేయడం వల్ల, నెమ్మదిగా ఉండవలసిన దృశ్యాలు కూడా గంతులేస్తున్నట్టు అయ్యాయి. కనుక నేడు ఏదైనా మూకీలో కారు పిచ్చివేగంతో పోతుంటే, అది దర్శకుడు కోరుకున్న వేగమా, ప్రొజెక్టరు తెచ్చిపెట్టిన వేగమా అన్నది ముందు తేల్చుకోవాలి. మంచి పునరుద్ధరణ ప్రతులు ఈ తేడాను జాగ్రత్తగా సరిచేస్తాయి.

మోడల్ టీ గురించి అప్పటి హాస్య చిత్రాల్లో కనిపించే చేష్టలు చాలావరకు కల్పన కావు. నేటి ప్రేక్షకుడికి అవి అతిశయోక్తిగా తోచడానికి కారణం ఆ కారు పనితీరు మనకు తెలియకపోవడమే. దాన్ని స్టార్ట్ చేయాలంటే ముందు భాగాన వంగి హ్యాండిల్ తిప్పాలి. ఇంజను ఎదురుతిరిగితే హ్యాండిల్ వెనక్కి కొట్టి మణికట్టు విరిగేది. చలికాలంలో గేరు పెట్టెలో నూనె గడ్డకట్టి క్లచ్ పూర్తిగా విడిపడేది కాదు. అందువల్ల ఇంజను అంటుకోగానే, లోపల ఎవరూ లేకపోయినా బండి కదిలి, తిప్పుతున్న మనిషి మీదికే పాకేది. డ్రైవరు లేని కారు యజమానిని తరమడం అనే తమాషా తెర మీద చూసి రైతులు నవ్వారంటే, ఆ పని తమ ఇంటి ముందు తెల్లవారుజామున జరిగినదే కాబట్టి. పెట్రోలు ట్యాంకు సీటు కింద ఉండి, పంపు లేకుండా వాలును బట్టే ఇంజనులోకి దిగేది. నిటారైన గుట్ట ఎక్కేటప్పుడు ముందు భాగం పైకి లేస్తే పెట్రోలు అందక బండి ఆగిపోయేది. అందుకని జనం కారును వెనక్కి తిప్పి రివర్సులో గుట్ట ఎక్కించేవారు. ఇన్ని గుణాలున్న బండికి హాస్యరచయిత అదనంగా చేర్చవలసింది పెద్దగా ఏముంటుంది?

1920లో హాల్ రోచ్ దర్శకత్వంలో హెరాల్డ్ లాయిడ్ నటించిన 'గెట్ అవుట్ అండ్ గెట్ అండర్' ఈ సొంతకారు హాస్యానికి మంచి నమూనా. కొత్త కారును ముద్దుగా చూసుకునే యువకుడి బండి దారిలో ఆగిపోతుంది. అతను బానెట్ ఎత్తి లోపలికి తొంగి చూస్తాడు, తర్వాత తల దూరుస్తాడు, తర్వాత నడుము దాకా, చివరికి కాళ్లు కూడా మాయమయ్యేలా ఇంజనులోకి దూరిపోతాడు. కెమెరా ఇప్పుడు ఎక్కడుందో గమనించండి: రోడ్డు పక్కన, బానెట్‌కు రెండడుగుల దూరంలో, పొరుగువాడు నిలబడి సలహాలిచ్చే చోట. ఏం చేసినా కారు కదలదు. అంతలో మత్తుమందుకు అలవాటుపడిన ఒకడు సూది పొడుచుకుని హుషారుగా లేవడం చూసి, లాయిడ్ ఆ సూదినే తెచ్చి కారుకు పొడుస్తాడు. కారు ఎగిరి పరిగెత్తుతుంది. మెలియెస్ చిత్రంలో మనిషికి టైరు లక్షణం అబ్బితే, ఇక్కడ కారుకు మనిషి లక్షణం అబ్బింది. చార్లీ బౌవర్స్ 1926లో తీసిన 'ఎగ్డ్ ఆన్'లో ఈ పోకడ అంచుకు చేరింది: ఇంజను వేడికి గుడ్లు పొదిగి, వాటిలోంచి చిన్న చిన్న ఫోర్డు కార్లు బయటికి వస్తాయి. కారుకు జబ్బు చేస్తుంది, కారు పిల్లలను కంటుంది. ప్రేక్షకుడి ఇంట్లో అది అప్పటికే ఒక మనిషి అయిపోయింది.

మాక్ సెనెట్ కోసం డెల్ లార్డ్ 1925లో తీసిన 'సూపర్ హూపర్ డైన్ లిజ్జీస్'లో ఒక దృశ్యం ఉంది. కథ రేడియో శక్తితో నడిచే కార్ల గురించి గాని, అందరూ గుర్తుపెట్టుకున్నది వేరే ముచ్చట. హాస్యనటుడు బిల్లీ బెవన్ ఆగిపోయిన తన కారును వెనకనుంచి తోస్తుంటాడు. తల వంచుకుని తోస్తున్నాడు కాబట్టి, అది ముందున్న కారును తగిలిందనీ, ఆ కారు ఇంకొకదాన్ని తగిలిందనీ అతనికి తెలియదు. అలా వరసగా ఆగి ఉన్న కార్లన్నిటినీ రైలు పెట్టెల్లా కలిపి గుట్ట ఎక్కిస్తాడు; చివరికి అవన్నీ అంచు మీద నుంచి కింద పడిపోతాయి. శ్రమ అంతా నిజం, ఫలితం అంతా వ్యర్థం. దీని వెనకనున్న సామాజిక సత్యం ఏమిటంటే, అప్పటికి అమెరికా వీధిలో తోసుకుపోవడానికి అన్ని కార్లు వరసగా నిలిచి ఉన్నాయి. 1900లో ఇంగ్లండులో ఈ హాస్యం ఊహించడానికి కూడా వీలయ్యేది కాదు.

ఇక మొదట అనుకున్న చిక్కుకు వద్దాం. 1920 దశకంలో అమెరికా రోడ్ల మీద మోటారు ప్రమాదాల్లో మరణించినవారు 2 లక్షలకు పైనే. నగరాల్లో చనిపోయిన వారిలో ఎక్కువమంది నడిచిపోయేవారు, వీధుల్లో ఆడుకునే పిల్లలు. చనిపోయిన పిల్లల జ్ఞాపకార్థం నగరాల్లో ఊరేగింపులు జరిగాయి. హెప్‌వర్త్ నాడు కారు కింద పడటం దాదాపు ఎవరికీ ఎదురవని విడ్డూరం, అందుకే దాన్ని మాయాజాలంగా చూపించగలిగాడు. పాతికేళ్లలో అది ఏ వీధిలోనైనా, ఏ ఇంటికైనా జరగగల విషయమైంది. హాల్లో కూర్చున్నవాడు ఇప్పుడు నలిగినవాడి తండ్రి కావచ్చు, నలిపినవాడూ కావచ్చు. ఈ రెండో సంగతే నాకు ముఖ్యంగా కనిపిస్తుంది. పరాయివాడి కారు మనిషిని తొక్కితే నవ్వి తిట్టుకోవచ్చు. తన కారే ఆ పని చేయగలదని తెలిసినవాడు దాని మీద నవ్వలేడు. అందుకే హాస్యం దెబ్బలన్నిటినీ యంత్రానికి మళ్లించింది. బస్టర్ కీటన్ 1923లో తీసిన 'త్రీ ఏజెస్'లో గుంతలో పడిన కారు ఒక్కసారిగా విడిభాగాలుగా కూలిపోతుంది. అందులోని కీటన్ మాత్రం చెక్కుచెదరడు. కారు మనిషికి బదులుగా చచ్చిపోయే వస్తువైంది.

ఈ అంచనా దొరికిన చిత్రాల మీద కట్టినదని ఒప్పుకోవాలి. మెలియెస్ 1923లో తన నెగటివ్‌లను తానే తగలబెట్టాడు. హెప్‌వర్త్ కంపెనీ 1924లో దివాలా తీయగా ఆయన ఫిల్ములను కరిగించేశారు. మనకు మిగిలినవి ప్రదర్శకుల దగ్గరా, సేకర్తల దగ్గరా ఉండిపోయిన ప్రతులు. అయినా 1920ల చివరికి వచ్చేసరికి సాక్ష్యం ఎంత బలంగా ఉందంటే, ఒక్క చిత్రాన్ని తీసుకున్నా సరిపోతుంది.

1928లో జేమ్స్ పారట్ దర్శకత్వంలో లారెల్, హార్డీ నటించిన 'టూ టార్స్'లో ఇద్దరు నావికులు సెలవులో ఫోర్డు కారు అద్దెకు తీసుకుని, ఇద్దరు అమ్మాయిలతో షికారుకు వెళతారు. దారిలో ఒక కారు పెట్రోలు అయిపోయి ఆగిపోవడంతో దాని వెనక పొడవైన వరస పేరుకుపోయి ఉంటుంది. ఎవరో ఎవరినో వెనక నుంచి కాస్త తాకుతారు. తగిలించుకున్నవాడు దిగివచ్చి తిరిగి తాకిస్తాడు. అక్కడినుంచి హెడ్‌లైట్లు పెరకడం, మడ్‌గార్డులు విరచడం, చక్రాలు ఊడదీయడం ఒకదాని వెంట ఒకటి సాగిపోతాయి. ఈ చిత్రం అసలు రహస్యం వేగంలో కాదు, ఓర్పులో ఉంది. ఒకడు ఎదుటివాడి హెడ్‌లైటు పీకుతుంటే ఆ ఎదుటివాడు అడ్డుపడడు. నిలబడి పూర్తిగా చూస్తాడు, ఒక్క క్షణం ఆలోచిస్తాడు, ఆ తర్వాతే నింపాదిగా వెళ్లి తన వంతు తీర్చుకుంటాడు. ఇద్దరిలో ఎవరూ ఎదుటివాడి ఒంటి మీదికి పోకుండా కారు మీదనే కక్ష తీర్చుకునేలా ఈ మర్యాద కాపాడుతుంది. కీస్టోన్ దర్శకుడైతే ఈ గొడవను అరనిమిషంలో ముగించి అందరినీ పరిగెత్తించేవాడు.

పోలీసు వచ్చి అందరినీ కదిలిస్తే, ఒక్కో కారు ఒక్కో రకంగా వికలాంగమై కెమెరా ముందు నుంచి సాగిపోతుంది. ఇందులో ధనికుడు ఎవరో పేదవాడు ఎవరో చెప్పలేం. వరసలో ఉన్నవాళ్లంతా కారు యజమానులే. రోడ్డు మీద కాలినడకన పోయే మనిషి దాదాపు కనిపించడు. కారు ఇక్కడ వింతా కాదు, భయపెట్టేదీ కాదు. మనిషికి అడ్డం వచ్చేది ముందున్న ఇంకో కారువాడు. చివరికి అందరూ మన నావికులను తరుముతూ ఒక రైలు సొరంగంలోకి దూసుకుపోతారు. ఎదురుగా రైలు వస్తుంది. లారెల్, హార్డీల ఫోర్డు సొరంగం గోడకూ రైలుకూ మధ్య నలిగి సన్నగా అయిపోయి బయటపడుతుంది, లోపలివారిద్దరూ క్షేమం. మెలియెస్ చిత్రంలో అట్టలా చదునైంది పోలీసు, ఇక్కడ కారు. మరుసటి ఏడాది మాటలు నేర్చిన తర్వాత ఈ జంటే తీసిన 'పర్ఫెక్ట్ డే'లో కుటుంబమంతా పిక్నిక్‌కు బయలుదేరి, ఇరుగుపొరుగుకు మళ్లీ మళ్లీ వీడ్కోలు చెప్పడమే తప్ప కారు వీధి దాటి పోదు. ఎట్టకేలకు కదిలి, మలుపులో నీళ్లు నిండిన గుంతలో నిలువునా మునిగిపోతుంది.